పీఏలు ఎమ్మెల్యేలు కావచ్చు, పేషీలు మాత్రం సొంత ఆస్తులు కాకూడదు

అభ్యర్థుల జాబితా బయటికొచ్చిన ప్రతిసారీ పార్టీ ఆఫీసుల ముందు ఒకే ఫిర్యాదు వినిపిస్తుంది. జెండా మోసినవాడిని వదిలేసి బ్యాగు మోసినవాడికి టికెట్ ఇచ్చారని. పొరుగున ఉన్న మహారాష్ట్రలో ఈ మాట గత ఐదారేళ్లుగా మరీ గట్టిగా వినపడుతోంది. ముఖ్యమంత్రి దేవేంద్ర ఫడ్నవీస్ దగ్గర పీఏగా పనిచేసిన అభిమన్యు పవార్ 2019లో లాతూర్ జిల్లా ఔసా నుంచి అసెంబ్లీకి వెళ్లారు, 2024లో మళ్లీ గెలిచారు. ఫడ్నవీస్ పేషీలోనే ఓఎస్డీగా ఉన్న సుమీత్ వాంఖడే 2024లో వార్ధా జిల్లా ఆర్వీలో గెలిచారు. ఆయన కోసం సిట్టింగ్ ఎమ్మెల్యే దాదారావ్ కేచేను పక్కకు తప్పించిన పార్టీ, 2025 మార్చిలో కేచేను శాసనమండలికి పంపి సర్దుబాటు చేసుకుంది. అదే పేషీలో పనిచేసిన శ్రీకాంత్ భారతీయ 2022లోనే ఎమ్మెల్సీ అయ్యారు. అటువైపు శిబిరం చూసినా అంతే. ఉద్ధవ్ ఠాక్రేకు ఏళ్ల తరబడి పీఏగా ఉన్న మిలింద్ నార్వేకర్ 2024 జులైలో మండలి సభ్యుడయ్యారు.

పేషీ నుంచి సభకు వెళ్లడం మంచిదా చెడ్డదా అన్న ప్రశ్న ఇలా ఎన్నికకోసారి తలెత్తుతుంది, రెండు వారాల్లో చల్లారిపోతుంది. కానీ ఇది వ్యక్తుల అదృష్టానికి సంబంధించిన విషయం కాదు. చట్టసభలో పనిచేయడం ఎలాగో ఈ దేశంలో నేర్పే చోటు ఏదైనా ఉందా అన్నది అసలు ప్రశ్న. దాదాపుగా ఉన్న ఒకే ఒక్క చోటు నాయకుడి పేషీ. అందులోకి ఎవరు రావాలో, ఎంతకాలం ఉండాలో, ఎవరు పైకి వెళ్లాలో తేల్చేది ఆ నాయకుడు ఒక్కడే. ఆ ప్రవేశానికి ప్రకటన లేదు, పరీక్ష లేదు, జీతం లెక్క బయటికి రాదు. నేర్చుకున్నవాడు ఎమ్మెల్యే కావడంలో తప్పు లేదు. నేర్చుకునే అవకాశం ఒకరి దయ మీద ఆధారపడటమే తప్పు.

ఈ దారిలో వెళ్లినవారిలో పూర్తి జీవితం కళ్ల ముందున్న శాసనసభ్యుడు దిలీప్ వల్సే పాటిల్. పుణె జిల్లా ఆంబేగావ్ ఆయన నియోజకవర్గం. శరద్ పవార్ దగ్గర పీఏగా రాజకీయం మొదలుపెట్టి, 1990లో మొదటిసారి గెలిచి, 2024 దాకా ఎనిమిది సార్లు వరుసగా అక్కడి నుంచే ఎన్నికయ్యారు. 1999 తర్వాత కాంగ్రెస్–ఎన్సీపీ ప్రభుత్వాల్లో ఉన్నత, సాంకేతిక విద్య, విద్యుత్తు, ఆర్థికం చూశారు. 2009 నుంచి 2014 దాకా స్పీకర్‌. 2019 నవంబరులో ఉద్ధవ్ ఠాక్రే ప్రభుత్వం బలపరీక్ష నాడు సభను నడపడానికి ప్రొటెం స్పీకర్‌గా ఏరికోరి కూర్చోబెట్టింది ఆయన్నే. 2021 ఏప్రిల్‌లో అనిల్ దేశ్‌ముఖ్ రాజీనామా చేయగానే హోం శాఖ ఆయన చేతికే వచ్చింది. ఊపిరాడని సమయాల్లో పార్టీ నమ్మకంగా పిలిచే మనిషి అన్న పేరు ఆయనకు ఊరికే రాలేదు. పెద్ద గొంతు లేదు, జనాన్ని ఊపే ఉపన్యాసం లేదు. ఫైలు చదవడం తెలుసు, సభ నియమావళి తెలుసు, ఎవరి మాటకు ఎక్కడ విలువో తెలుసు.

ఆ మూడూ పేషీ నేర్పేవే. మంత్రి లేదా ముఖ్యమంత్రి పేషీలో ఐదేళ్లు కూర్చున్న కుర్రాడికి తెలిసేది, పదేళ్లు ఊరేగింపుల్లో తిరిగినవాడికి తెలియదు. ఒక చిన్న ఉదాహరణ. సభలో నక్షత్ర గుర్తు ప్రశ్న వేయాలంటే నోటీసు గడువులోపు ఇవ్వాలి. ఏ శాఖ పరిధిలోకి వస్తుందో సరిగ్గా గుర్తించాలి. ‘సమాచారం సేకరిస్తున్నాం’ అని శాఖ తప్పించుకోలేనంత గురిగా అడగాలి. మంత్రి జవాబు వచ్చాక అసలు దెబ్బ అనుబంధ ప్రశ్నలో ఉంటుంది కాబట్టి, ఆ జవాబులోని లొసుగు ముందే పసిగట్టి పెట్టుకోవాలి. మంత్రి వైపు పేషీలోనేమో ఇదే పని తిరగేసి జరుగుతుంది. సభ్యుడు ఏ అనుబంధ ప్రశ్న వేస్తాడో ఊహించి, జిల్లా నుంచి అంకెలు తెప్పించి, చీటీలు రాసి మంత్రి చేతికందిస్తారు. రెండు వైపుల నుంచీ ఈ ఆట చూసినవాడు సభలో అడుగుపెట్టిన మొదటి రోజే పనిమంతుడు. మొదటిసారి గెలిచిన ఎమ్మెల్యేల్లో చాలామందికి మొదటి రెండేళ్లు బడ్జెట్ పద్దులు చదవడమే తెలియదన్నది సభా వ్యవహారాలు దగ్గర నుంచి చూసేవారందరికీ తెలిసిన సంగతి.

ఇక అభ్యంతరాల సంగతి. మొదటిది పార్టీ కార్యకర్తది, దాన్ని తేలిగ్గా తీసిపారేయడం అన్యాయం. బూత్ కమిటీలో ఇరవై ఏళ్లు పనిచేసి, కేసులు పెట్టించుకుని, సొంత డబ్బు ఖర్చుపెట్టుకున్న మనిషికి, నాయకుడి కారు ముందు సీట్లో కూర్చున్నవాడు నేరుగా అభ్యర్థిగా ఊళ్లోకి దిగితే కడుపు మండటం సహజం. రెండోది అంతకన్నా బరువైనది. పేషీలో పెరిగినవాడి మొదటి విధేయత ఓటరుకా, నాయకుడికా? పదో షెడ్యూలు కింద విప్ ధిక్కరిస్తే సభ్యత్వమే పోయే వ్యవస్థలో ఎమ్మెల్యేకు సొంత బుర్రతో ఓటేసే వీలు ఎలాగూ తక్కువ. దానికి వ్యక్తిగత రుణం కూడా తోడైతే, సభలో మిగిలేది చేతులెత్తే పనే. మూడో అభ్యంతరం బహిరంగంగా ఎవరూ ఎత్తరు. పేషీ అంటే బదిలీలు, టెండర్లు, అపాయింట్‌మెంట్లు. తలుపు దగ్గర నిలబడేవాడికి తలుపు తీయడానికీ మూయడానికీ ఒక ధర ఏర్పడే ప్రమాదం ఎప్పుడూ ఉంటుంది. 2025 ఫిబ్రవరిలో మహారాష్ట్రలో బయటపడింది ఈ భయమే. మంత్రులు తమకు కావలసిన పీఏలు, ఓఎస్డీల పేర్లు 125 దాకా పంపితే ముఖ్యమంత్రి 109 మందికే అనుమతి ఇచ్చారు. మిగతావారి మీద ఫిక్సర్లన్న ఆరోపణలున్నాయని బాహాటంగానే చెప్పారు. తమ పీఏలను కూడా తాము పెట్టుకోలేకపోతున్నామని అప్పటి వ్యవసాయ మంత్రి మాణిక్‌రావ్ కోకాటే నొచ్చుకున్నారు. అదే ఏడాది అక్టోబరులో తెలంగాణలో ఒక మంత్రి ఓఎస్డీని తొలగించాక, ఆయన కోసం పోలీసులు మంత్రి ఇంటి దాకా వెళ్లారు. ఇవి రెండూ వేర్వేరు ఘటనలే. జబ్బు మాత్రం ఒకటే. ప్రజల డబ్బుతో నడిచే పేషీలో ఎవరు ఎందుకు కూర్చున్నారో ప్రజలకు తెలియకపోవడం.

విధేయత గురించిన అభ్యంతరానికి వల్సే పాటిల్ జీవితమే ఒక జవాబు, ఒక హెచ్చరిక కూడా. 2023 జులై 2న అజిత్ పవార్ ఎన్సీపీని చీల్చి అప్పటి ముఖ్యమంత్రి షిండే ప్రభుత్వంలో చేరినప్పుడు, శరద్ పవార్‌ను విడిచివెళ్లి ప్రమాణ స్వీకారం చేసినవారిలో ఆయన ఒకరు. పార్టీ మొత్తానికీ ఎక్కువ ఆశ్చర్యం కలిగించిన పేర్లలో అది ముందు వరసలో ఉంది. డింభే డ్యామ్ నీళ్లు తాలూకా దాటిపోకుండా చూసుకోవడం తన నిర్ణయానికి ఒక కారణమని ఆయన తన జనానికి చెప్పుకున్నారు. అది సాకు అన్నవారూ ఉన్నారు. నేను గమనించమనేది వేరే. ముప్ఫై ఏళ్ల తర్వాత ఆ మాజీ పీఏ, నాయకుడి ముందు నియోజకవర్గం పేరు చెప్పి నిలబడగలిగాడంటే, ఆ ముప్ఫై ఏళ్లలో ఆయనకంటూ ఒక నేల ఏర్పడిందన్నమాట. తండ్రి దత్తాత్రేయ పేరు పెట్టుకున్న దత్తాత్రేయనగర్‌లోని భీమాశంకర్ సహకార చక్కెర ఫ్యాక్టరీ, మంచర్ మార్కెట్ కమిటీ, పశ్చిమాన ఆదివాసీ గూడేలు, తూర్పున చెరకు పొలాలు. 2014 జులై 30న కొండ విరిగిపడి మాలిణ్ ఊరు మట్టిలో కలిసిపోయింది ఈ తాలూకాలోనే. రోజూ వచ్చే ఆర్టీసీ బస్సు డ్రైవరు వచ్చి చూస్తే అక్కడ ఊరే లేదు. 150 మందికి పైగా చనిపోయారు. అప్పటికి స్పీకర్ కుర్చీలో ఉన్న మనిషి ఆ ఊరికి ఎమ్మెల్యే కూడా. అలాంటి రోజుల్లో జనం ముఖం చూసి నిలబడాల్సి రావడమే పీఏను ప్రజాప్రతినిధిగా మారుస్తుంది. నామినేషన్ పత్రానికి ఆ శక్తి లేదు.

హెచ్చరిక 2024 నవంబరు ఫలితంలో ఉంది. శరద్ పవార్ స్వయంగా ఆంబేగావ్ వచ్చి తన పాత సహాయకుడిని ఓడించమని అడిగారు. ఎదురు నిలబెట్టిన అభ్యర్థి దేవదత్త నికమ్. ఆయన ఒకప్పుడు వల్సే పాటిల్ అనుచరుడు, ఆ చక్కెర ఫ్యాక్టరీకే చైర్మన్‌గా చేసినవాడు, 2014లో శిరూర్ లోక్‌సభకు పార్టీ అభ్యర్థి. వల్సే పాటిల్ పదిహేను వందల ఓట్ల తేడాతో బయటపడ్డారు. నికమ్ పేరే ఉన్న మరో అభ్యర్థికి ఆ తేడా కన్నా ఎక్కువ ఓట్లు పడ్డాయి. తర్వాత ఏర్పడిన ఫడ్నవీస్ మంత్రివర్గంలో వల్సే పాటిల్‌కు చోటు దక్కలేదు. గురువు మీద నిలబడ్డ రాజకీయం గురువు పక్కకు తప్పుకోగానే ఎంత వణుకుతుందో, ఎనిమిది సార్లు గెలిచిన మనిషికి కూడా ఆ ఫలితం చూపించింది. ఇంకో సంగతి కూడా ఇక్కడే చెప్పాలి. పేషీ దారి వారసత్వానికి విరుగుడు అని వాదించేవారు తరచూ ఆయన్నే ఉదాహరణగా చూపుతారు. కానీ ఆయన తండ్రి కూడా కాంగ్రెస్ ఎమ్మెల్యేనే, పవార్‌కు సన్నిహితుడే. అంటే పేషీ తలుపు కూడా సాధారణంగా తెలిసినవాళ్ల పిల్లలకే ముందు తెరుచుకుంటుంది. ఎక్కడో మారుమూల మండలంలో పుట్టి, ఎవరూ తెలియకుండా, చదువు ఒక్కటే పట్టుకుని ఆ తలుపు తట్టినవాడికి లోపలికి దారి లేదు.

ఓటరు దగ్గరికి వెళ్లి గెలిచిన సహాయకుణ్ని, ఓటరుతో పని లేకుండా పెద్దల సభకు వెళ్లిన సహాయకుణ్ని ఒకే గాటన కట్టకూడదు. మన దగ్గర రెండో దారే ఎక్కువ. వైఎస్ రాజశేఖరరెడ్డి ప్రభుత్వంలో సలహాదారుగా ఉన్న కేవీపీ రామచంద్రరావు 2008లో, కేసీఆర్ వెంట నీడలా ఉన్న జోగినపల్లి సంతోష్ కుమార్ 2018లో రాజ్యసభకు వెళ్లారు. బీహార్‌లో నీతీశ్ కుమార్ దగ్గర పనిచేసిన ఐఏఎస్ అధికారి ఆర్సీపీ సింగ్ 2010లో రాజ్యసభ సభ్యుడై, 2020లో పార్టీ అధ్యక్షుడై, 2021లో కేంద్ర మంత్రి అయ్యారు. మరుసటి ఏడాది నీతీశ్ మనసు మారగానే పార్టీలోనే లేకుండా పోయారు. ఒడిశాలో నవీన్ పట్నాయక్ ప్రైవేటు కార్యదర్శిగా రాష్ట్రమంతా చక్రం తిప్పిన వీకే పాండియన్ 2023లో ఉద్యోగం వదిలి బీజేడీలో చేరారు, ఎక్కడా పోటీ చేయలేదు, 2024 ఓటమి తర్వాత క్రియాశీల రాజకీయాల నుంచి తప్పుకున్నారు. ఇలాంటివారి అధికారానికి పునాది ఒక మనిషి నమ్మకం మాత్రమే. అభిమన్యు పవార్ ఔసాలో రెండోసారి గెలిచారంటే, మొదటి టికెట్ ఎలా వచ్చినా, రెండోది ఓటరు ఇచ్చాడని ఒప్పుకోవాలి. సహాయకుడికి టికెట్ ఇస్తే ప్రజల్లోకి పంపి ఇవ్వాలి. మండలి, రాజ్యసభ సీట్లను పేషీ సేవకు పారితోషికంగా పంచడం మానాలి.

బయటి దేశాల్లో ఈ దారి మనకన్నా పాతది, విశాలమైనది. అమెరికాలో లిండన్ జాన్సన్ 1931లో టెక్సస్ కాంగ్రెస్ సభ్యుడు రిచర్డ్ క్లెబర్గ్‌కు కార్యదర్శిగా వాషింగ్టన్ వెళ్లారు. క్లెబర్గ్‌కు ఆఫీసు పని మీద ఆసక్తి తక్కువ, కుర్రాడే మొత్తం నడిపాడు. 1937లో తానే సభ్యుడయ్యాడు, చివరికి దేశాధ్యక్షుడయ్యాడు. ఈనాడు అక్కడ ప్రతినిధుల సభ సభ్యుడు 18 మంది దాకా శాశ్వత సిబ్బందిని పెట్టుకోవచ్చు. ఎవరికి ఎంత జీతం ఇచ్చారో మూడు నెలలకోసారి పేర్లతో సహా అచ్చవుతుంది. బంధువులను పెట్టుకోవడం 1967 నుంచే నిషిద్ధం. జపాన్‌లో యోషిహిదే సుగా పదకొండేళ్లు ఒక పార్లమెంటు సభ్యుడి కార్యదర్శిగా పనిచేసి, 1987లో యోకొహామా నగర కౌన్సిల్‌కు, 1996లో పార్లమెంటుకు, 2020లో ప్రధాని పదవికి చేరారు. అక్కడ ఒక్కో సభ్యుడికి ప్రభుత్వ ఖర్చుతో ముగ్గురు కార్యదర్శులు. అందులో విధాన కార్యదర్శి పోస్టుకు 1990ల నుంచి అర్హత పరీక్ష ఉంది. జపాన్ అనుభవంలో చీకటి కోణం కూడా ఉంది. కుంభకోణం బయటపడినప్పుడల్లా తప్పు కార్యదర్శి మీదకు నెట్టడం నాయకులకు అలవాటు. 1989లో రిక్రూట్ కుంభకోణంలో ప్రధాని తకేషితా రాజీనామా ప్రకటించిన మరుసటి రోజే ఆయన కార్యదర్శి ప్రాణం తీసుకున్నాడు. కార్యదర్శుల జీతాలనే కొందరు సభ్యులు కాజేసిన కేసులు 2000ల మొదట్లో వరసగా బయటపడ్డాక చట్టాన్ని బిగించారు.

బ్రిటన్‌ది ఇంకో పాఠం. డేవిడ్ కామెరాన్ ఆర్థిక మంత్రి నార్మన్ లామాంట్‌కు ప్రత్యేక సలహాదారు, జార్జ్ ఆస్బర్న్ విలియం హేగ్‌కు రాజకీయ కార్యదర్శి. 2010లో లేబర్ పార్టీ నాయకత్వానికి పోటీపడ్డ ఐదుగురిలో నలుగురు మంత్రుల దగ్గర సలహాదారులుగా పనిచేసినవారే. గని కార్మికుడు, బడిపంతులు, యూనియన్ నాయకుడు కూర్చున్న బెంచీల్లో విశ్వవిద్యాలయం నుంచి నేరుగా మంత్రి ఆఫీసుకు, అక్కడి నుంచి సురక్షిత సీటుకు వచ్చినవారు నిండిపోతున్నారని అక్కడ పెద్ద చర్చే జరిగింది. ఆ విమర్శలో నిజముంది. అయినా బ్రిటన్ ఆ దారిని మూసేయలేదు, దానికి వెలుతురు పెట్టింది. 2010 నాటి చట్టంతో ప్రత్యేక సలహాదారులకు ప్రవర్తనా నియమావళి, వారి సంఖ్య, ఖర్చుపై ఏటా పార్లమెంటుకు నివేదిక తప్పనిసరి అయ్యాయి. ఎంపీల సిబ్బంది జీతాలు ఎంపీల చేతుల మీదుగా కాకుండా ఒక స్వతంత్ర సంస్థ ద్వారా వెళ్తాయి. 2017 తర్వాత కొత్తగా గెలిచినవారు కుటుంబసభ్యులను పెట్టుకోవడానికి వీల్లేదు.

మన రాష్ట్రాలకు అన్నిటికన్నా దగ్గరగా పనికొచ్చేది కాలిఫోర్నియా కథ, ఎందుకంటే అది రాష్ట్ర శాసనసభ కథ. అక్కడి అసెంబ్లీ 1957లోనే పట్టభద్రులను పోటీ పద్ధతిలో ఎంపిక చేసి సభ్యుల దగ్గర పనికి పెట్టే ఫెలోషిప్ మొదలుపెట్టింది. 1966లో శాసనసభ పూర్తికాలపు సభగా మారింది, సొంత పరిశోధన సిబ్బందిని పెంచుకుంది. 1990లో ప్రొపొజిషన్ 140 అనే ప్రజాభిప్రాయ సేకరణ దీన్ని తలకిందులు చేసింది. అసెంబ్లీలో ఆరేళ్లు, సెనేట్‌లో ఎనిమిదేళ్లు మించి ఎవరూ ఉండకూడదని పరిమితి పెట్టడంతో పాటు శాసనసభ ఖర్చుకు మూడో వంతుకు పైగా కోత వేసింది. పాతుకుపోయినవారిని సాగనంపి కొత్త పౌరులను తేవాలన్నది ఉద్దేశం. కానీ సభ్యులు పని నేర్చుకునేలోపే వెళ్లిపోతుంటే, సిబ్బంది తగ్గిపోతుంటే, చట్టం గురించి జ్ఞాపకం మిగిలింది లాబీయిస్టుల దగ్గరా, మిగిలిన కొద్దిమంది సహాయకుల దగ్గరా. ఖాళీ అయిన సీట్లలో చాలావాటికి ఆ సహాయకులే అభ్యర్థులయ్యారు. చివరికి 2012లో పరిమితిని రెండు సభలకూ కలిపి పన్నెండేళ్లకు సవరించుకున్నారు. ఈ దారిలో వచ్చినవారిలో టోనీ అట్కిన్స్ ఒకరు. బొగ్గుగని కార్మికుడి కూతురు, శాండియాగో కౌన్సిల్ సభ్యురాలి దగ్గర సహాయకురాలు. 2000లో ఆ సీటుకే ఎన్నికై, 2010లో అసెంబ్లీకి వెళ్లి, 2014లో స్పీకర్, 2018లో సెనేట్ సారథి అయ్యారు. ఇప్పటి స్పీకర్ రాబర్ట్ రివాస్ కూడా శాసనసభ్యుల ఆఫీసులో పనిచేసి వచ్చినవారే. ఇంటి పేరు లేని పిల్లలకు కూడా ఆ తలుపు తెరిచి ఉండటమే అక్కడికీ ఇక్కడికీ తేడా.

మన చట్టాలు సహాయకుణ్ని ఒకే ఒక్కసారి సూటిగా పట్టించుకున్నాయి. 1975 జూన్ 12న అలహాబాద్ హైకోర్టు ఇందిరాగాంధీ ఎన్నికను రద్దు చేసిన కారణాల్లో ఒకటి యశ్‌పాల్ కపూర్. ప్రధాని సచివాలయంలో ఓఎస్డీగా ఉంటూ, రాజీనామా అమల్లోకి రాకముందే రాయ్‌బరేలీలో ఆమె కోసం పనిచేశారని కోర్టు తేల్చింది. ఒక ఓఎస్డీ రాజీనామా ఏ తేదీన అమల్లోకి వచ్చిందన్న ప్రశ్న దేశ చరిత్రనే మలుపు తిప్పింది. ఆ తర్వాత ప్రభుత్వం చేసిందేమిటి? పేషీకీ ప్రచారానికీ మధ్య గోడ కట్టలేదు. గెజిట్‌లో వేసిన తేదీయే రాజీనామా తేదీకి తిరుగులేని రుజువని చట్టం సవరించి ఊరుకుంది. అప్పటి నుంచి ఇప్పటి దాకా ఆ గోడ లేదు. ప్రభుత్వోద్యోగి ఇవాళ పేషీలో ఫైలు చూసి, రేపు రాజీనామా ఆమోదింపజేసుకుని, ఎల్లుండి నామినేషన్ వేయవచ్చు. విరామ కాలం ఉండాలని వేసిన పిటిషన్‌ను 2022లో సుప్రీంకోర్టు కొట్టేసింది, అది శాసన వ్యవస్థ తేల్చుకోవలసిన విషయమంది. శాసన వ్యవస్థ ఇంతవరకు దాన్ని ముట్టుకోలేదు.

సహాయక సిబ్బందిని బాహాటంగా రాజకీయ నియామకంగా ఒప్పుకున్న రాష్ట్రం కేరళ. అక్కడ మంత్రుల వ్యక్తిగత సిబ్బందిలో పార్టీ మనుషులు ఉండటం దాపరికం కాదు. కానీ రెండేళ్లు దాటితే చాలు వారికి జీవితాంతం పింఛను రావడం మీద 2022లో గవర్నర్ ఆరిఫ్ మొహమ్మద్ ఖాన్ గొడవ లేవనెత్తారు. ఆ విషయంలో ఆయనతో ఏకీభవించక తప్పదు. పార్టీ కార్యకర్తలకు ఖజానా నుంచి పింఛను ఇప్పించే ఏర్పాటుగా అది తయారైంది. మరోవైపు ఎంపీకి 2018 సవరణ ప్రకారం సహాయకుడి కోసం దక్కింది నెలకు 40,000 రూపాయలు. ఆ డబ్బుతో చట్టం చదివి, పద్దులు విప్పి చెప్పగల మనిషి ఎంతకాలం నిలుస్తాడు? 2010లో శాసన పరిశోధన సంస్థ పీఆర్ఎస్ మొదలుపెట్టిన ల్యాంప్ ఫెలోషిప్ ఈ ఖాళీని కొంత పూడ్చింది. ఏటా కొన్ని పదుల మంది యువతీ యువకులు వర్షాకాల సమావేశాల నుంచి బడ్జెట్ సమావేశాల దాకా ఎంపీల దగ్గర పనిచేస్తున్నారు. మన ఎమ్మెల్యేలకు అలాంటి ఏర్పాటు ఏదీ లేదు. ఎమ్మెల్యే పీఏ రోజు ఎలా గడుస్తుందో నియోజకవర్గంలో ఎవరినడిగినా చెబుతారు. ముఖ్యమంత్రి సహాయ నిధి దరఖాస్తులు, నిమ్స్‌లో చేర్చిన రోగికి ఎల్‌వోసీ, టీచర్ బదిలీ, పెళ్లిళ్లు, పరామర్శలు, తిరుమల బ్రేక్ దర్శనానికి సిఫార్సు లెటర్లు. తెలంగాణ ఎమ్మెల్యేల లెటర్లను టీటీడీ తీసుకోవాలా వద్దా అన్నది 2024 చివర్లో ఇద్దరు ముఖ్యమంత్రుల మధ్య ఉత్తరం రాసుకునే స్థాయికి వెళ్లింది. బిల్లు చదివి సవరణ రాసే మనిషి గురించి ఇద్దరు ముఖ్యమంత్రులు ఎప్పుడైనా మాట్లాడుకున్నారా?

సభలే సరిగ్గా కూర్చోనప్పుడు సిబ్బంది ఎందుకన్న ప్రశ్న వస్తుంది. రాష్ట్రాల అసెంబ్లీలు ఏడాదికి సగటున 20 రోజులు అటూఇటూగా సమావేశమవుతున్నాయి. డెబ్బై మందికి మించి సభ్యులున్న సభలు కనీసం 90 రోజులు కూర్చోవాలని జస్టిస్ వెంకటాచలయ్య కమిషన్ చెప్పి రెండు దశాబ్దాలు దాటింది. నిజమే, రెండూ కలిసి మారాలి. అయితే సభ కూర్చోని రోజుల్లోనే కమిటీలు పనిచేయాలి, కాగ్ నివేదికలు చదవాలి, జీవోలు పరిశీలించాలి. ఆ పనికి మనిషి లేకపోవడం కూడా సభ కూర్చోకపోవడానికి ఒక కారణమే. అడిగేవాడు సిద్ధంగా లేని సభను నడిపించాలన్న ఒత్తిడి ఏ ప్రభుత్వం మీదా ఉండదు.

కాబట్టి చేయవలసింది స్పష్టంగానే ఉంది. మంత్రుల పేషీల్లో, సలహాదారుల దగ్గర, ఎమ్మెల్యేల దగ్గర ప్రభుత్వ డబ్బుతో పనిచేసే ప్రతి ఒక్కరి పేరు, హోదా, జీతం, మాతృశాఖ ఏడాదికోసారి సభ ముందు పెట్టాలి. రక్త సంబంధీకుల నియామకం నిషేధించాలి. డిప్యుటేషన్ మీద పేషీలో పనిచేసిన ప్రభుత్వోద్యోగి, ఆ పని వదిలిన ఏడాదిలోపు ఎన్నికల్లో నిలబడకుండా, మండలికి నామినేట్ కాకుండా చట్టం తేవాలి. పార్టీ మనిషిగా పేషీలో చేరినవాడికి ఈ అడ్డు అక్కర్లేదు, ఆ సంగతి మొదటి రోజే రాతపూర్వకంగా చెప్పి చేరితే చాలు. అన్నిటికన్నా ముఖ్యం, నియోజకవర్గం పనులు చూసే పీఏతో సంబంధం లేకుండా, ప్రతి ఎమ్మెల్యేకూ ఒక శాసన సహాయకుణ్ని అసెంబ్లీ సచివాలయమే ఇవ్వాలి. పరీక్ష, ఇంటర్వ్యూ ద్వారా రెండేళ్ల కాలానికి ఎంపిక చేసి, జీతం నేరుగా అతని ఖాతాలో వేయాలి. నెలకు 40,000 చొప్పున లెక్కవేసినా ఆంధ్రప్రదేశ్‌లోని 175 మందికీ తెలంగాణలోని 119 మందికీ కలిపి ఏడాదికి అయ్యేది 14 కోట్ల పైచిలుకు. రెండు ప్రభుత్వాల బడ్జెట్లూ లక్షల కోట్లలో ఉన్నాయి. వాటిని తనిఖీ చేయవలసిన సభకు ఈ మాత్రం ఖర్చు పెట్టలేమని ఎవరూ అనలేరు.

ఈ పనికి తొందర ఎందుకంటే మహిళా రిజర్వేషన్. 2023 నాటి 106వ రాజ్యాంగ సవరణ జనాభా లెక్కలు, నియోజకవర్గాల పునర్విభజన తర్వాత అమలయ్యేలా రాశారు. లెక్కలకు 2027 మార్చి 1 ప్రామాణిక తేదీ. ఇప్పుడున్న సీట్ల ప్రకారమే చూసినా ఆంధ్రప్రదేశ్‌లో 58 దాకా, తెలంగాణలో 40 దాకా సీట్లలో మహిళా అభ్యర్థులు కావాలి. పంచాయతీల్లో సగం సీట్లు మహిళలకు ఇచ్చిన రెండు రాష్ట్రాలు మనవి, ఆ సర్పంచులు, జడ్పీటీసీలు అసెంబ్లీకి సహజమైన వరస. కానీ అసెంబ్లీ పని నేర్పే ఏకైక చోటయిన పేషీలోకి వారికి ప్రవేశం లేదు. అర్ధరాత్రి దాకా నాయకుడి కారులో తిరగాలి, ఊరూరా బస చేయాలి, అందరూ మగవాళ్లే ఉండే గదిలో నెగ్గుకురావాలి. ఎమ్మెల్యే దగ్గర పీఏగా చేరతానన్న కూతురిని ఎన్ని ఇళ్లు పంపుతాయి? పంపని ఆ తండ్రులను తప్పుపట్టలేం. దాంతో రిజర్వేషన్ వచ్చిన రోజు పార్టీలు నాయకుల భార్యలు, కోడళ్లు, కూతుళ్ల వైపే చూస్తాయి, వేరే పేర్లు తమ దగ్గర లేవంటాయి. అసెంబ్లీ సచివాలయం నియమించిన ఉద్యోగం, నిర్ణీత వేళలు, ఖాతాలో పడే జీతం, లైంగిక వేధింపుల ఫిర్యాదుకు ఒక కమిటీ, ఇవి ఉంటే ఆ ఇళ్లు అభ్యంతరం చెప్పవు. రెండు రాష్ట్రాల స్పీకర్లూ తలుచుకుంటే నోటిఫికేషన్ వచ్చే బడ్జెట్ సమావేశాల్లోపే ఇవ్వవచ్చు. మొదటి బ్యాచ్‌లో కనీసం సగం పోస్టులు మహిళలకు కేటాయించి, అందులోనూ స్థానిక సంస్థల్లో ఒక దఫా పనిచేసి దిగిపోయిన పట్టభద్రులకు అదనపు మార్కులు ఇస్తే, పునర్విభజన పూర్తయ్యేనాటికి ఆ 98 సీట్లకు సభ పని తెలిసిన, ఎవరి పేషీకీ రుణపడని పేర్లు ప్రతి పార్టీ దగ్గరా ఉంటాయి.